గ్లాసు వణకని ఉదయాలు

పౌచ్‌లో హార్డ్ డిస్క్ లేదు.

జిప్పు చెడిపోయిన ఆ పౌచ్‌ మూతకి అంటించిన తెల్ల ప్లాస్టరు ముక్కను పీకి, షాలిని లోపల చెయ్యి పెట్టింది. జేబులో పట్టే బైబిలు కొత్త నిబంధన పుస్తకం ఒకటి చేతికి వచ్చింది. ఇంచుమించు డిస్క్ అంత మందం, అంతే బరువు. అందుకే పొద్దున్న బ్యాగు భుజాన వేసుకుని ఇంటి నుంచి బయలుదేరినప్పుడు ఆమెకు తేడా తెలియలేదు.

"ఇంకోపాలి సూడవే," అంది సుహాసిని.

షాలిని బ్యాగును బల్ల మీద బోర్లించింది. కెమెరా, బ్యాటరీలు, కేబుళ్ళు, మాత్రల డబ్బా. అంతే.

"ఎవరో తీశారు," అంది.

"మరి డిస్కు దానంతటదే పుస్తకమైపోనాదా ఏటి? తీశారు. ఎవరన్నది సెప్పు."

బయట చర్చి ఆవరణలో కోత పండుగ వేలం జోరుగా ఉంది. సంఘస్థులు దేవుడికి తెచ్చిన తొలి పంటను, వరి కంకుల కట్టల్నీ అరటి గెలల్నీ కోళ్ళనీ, వేలం నడిపే ధనరాజు ఒక్కొక్కటే పైకెత్తి మైకులో పాట పెంచుతున్నాడు. వేలం కాగానే ఈ హాల్లో సాక్ష్యాలు, దేవుడు తమకు చేసిన మేలును ఒక్కొక్కరూ మైకులో చెప్పడం. సాక్ష్యాల తర్వాత సినిమా. ఆపైన అందరికీ ప్రేమవిందు భోజనం. నరసన్నపేట హైవేకి దగ్గర్లో ఉన్న ఆ చిన్న బాప్టిస్టు సంఘంలో పండుగనాడు సినిమా వేయడం ఇదే మొదటిసారి.

సినిమా షాలినిది. తీసిందీ ఆమే, అందులో ఉన్నదీ ఆమే.

మూడేళ్ళ కిందట వానాకాలంలో ఒక మధ్యాహ్నం ఆమె చెప్పుల్లేకుండా ఇంట్లోంచి నడిచి వెళ్ళి, హైవే మధ్యలో నిలబడి లారీలకు దారి చూపించింది. తన చెయ్యి ఊపితేనే ఆ లారీలన్నీ కదులుతున్నాయని ఆ పూట నిజంగా నమ్మింది. టీ కొట్టు దగ్గర నిలబడ్డ ఎవడో ఫోనులో తీశాడు. అరనిమిషం వీడియో. 'హైవే మేడమ్' అని పేరు పెట్టి వదిలాడు. ఇచ్ఛాపురం నుంచి విజయనగరం దాకా దాన్ని చూడని ఫోను లేదు. షాలిని ఆసుపత్రి నుంచి ఇంటికొచ్చాక ఆటోవాడు కూడా అద్దంలో చూసి నవ్వాడు.

ఆ రోజే ఆమె అనుకుంది. నన్ను అరనిమిషం ఎవడో తీశాడు. మిగతాది నేను తీస్తాను.

తీసింది. కోటబొమ్మాళి రైతు కూతురు సుహాసిని ఎడిట్ చేసింది. ఇద్దరూ విశాఖలో పెళ్ళి వీడియోల స్టూడియోలో ఒకే బల్ల మీద పనిచేసినవాళ్ళు. బైపోలార్ జబ్బు ఉందని షాలిని ఆ బల్ల దగ్గరే చెబితే, "అయితే లంచ్‌కి రావా ఏటి?" అని అడిగిన మనిషి సుహాసిని.

"పాత కాపీ నా లాప్‌టాప్‌లో ఉన్నాది," అంది సుహాసిని ఇప్పుడు. "చివరి భాగం మాత్రమే నేదు."

"చివరి భాగం లేకపోతే ఆ సినిమా నాది కాదు."

అది నిజం. పాత కాపీలో సినిమా ఒక క్షమాపణతో ముగుస్తుంది. హైవే రోజున జబ్బు తిరగబెట్టినప్పుడు, షాలిని రోజూ వేసుకునే లిథియం మందు ఆమె రక్తంలో లేదని పరీక్షలో తేలింది. మాత్రలు మానేసిందన్నారు ఇంట్లో. మానేసిందన్నారు సంఘంలో. ఆ నెలలు ఆమెకే సరిగ్గా గుర్తులేవు. అంతమంది చెబుతుంటే తనే మానేసి ఉంటుందనుకుంది. ఇదే చర్చిలో, ఇదే మైకు పట్టుకుని, "నా మొండితనంతో మందు మానేసి మా ఇంటికి తలవంపులు తెచ్చాను, క్షమించండి" అని అందరి ముందూ చేతులు జోడించింది. పాల్ అన్నయ్య ఆ దృశ్యాన్ని ఆమె కెమెరాతోనే తీసి పెట్టాడు.

ఆ తర్వాత, ఇటీవల ఒక సాయంత్రం, ఎడిటింగ్ మధ్యలో సుహాసిని చేతిలోని మౌస్ ఆగిపోయింది.

"ఒసే, నీ గ్లాసు సూడు."

జబ్బుతో బతకడం మీద ఎప్పటికైనా సినిమా తీయాలన్న ఆలోచనతో, షాలిని హైవే వీడియోకి చాలాముందు నుంచీ రోజూ పొద్దున్న మాత్ర వేసుకునేటప్పుడు ఫోనును కిటికీలో నిలబెట్టి తనను తాను తీసుకునేది. లిథియం వేసుకునేవాళ్ళలో కొందరికి చెయ్యి సన్నగా వణుకుతుంది. షాలినికి వణుకుతుంది. ఆ క్లిప్పులన్నిటిలో గ్లాసులో నీళ్ళు కదులుతూనే ఉన్నాయి. మూడేళ్ళ కిందటి ఈస్టరు దాటాక నీళ్ళు నిలిచిపోయాయి. ఉదయం తర్వాత ఉదయం, మాత్ర నోట్లో వేసుకుంటోంది, మింగుతోంది, గ్లాసు మాత్రం రాయిలా ఉంది. హైవే మీదకి నడిచిన రోజు దాకా అంతే.

ఆమె మాత్రలు మానలేదు. ఒక్క రోజు కూడా. ఆమె మింగింది లిథియం కాదు.

ఆ ఉదయాలను వరసగా పేర్చి చివరి భాగం చేశారు; ఆ క్లిప్పులు, ఆ భాగం రెండూ పోయిన డిస్కులోనే ఉన్నాయి. చివర్లో నల్ల తెర మీద షాలిని గొంతు ఒక ప్రశ్న అడుగుతుంది: నా మాత్రలు ఎవరు మార్చారు?

"సినిమా అడిగిన దానికి ఎవరో డిస్కు ఎత్తుకుపోయి జవాబు సెప్పారు," అంది సుహాసిని. "నిన్న మీ ఇంట్లో అది పూర్తి సేసినప్పుడు ఎవరెవరు ఉన్నారు?"

"నాన్న, అమ్మ, అన్నయ్య. ప్రార్థనకొచ్చిన థామస్ అయ్యగారు. అందరూ నా వెనక నుంచే అటూ ఇటూ తిరిగారు."

"రెండో కాపీ తీస్తానంటే, రేపు హాల్లో తీద్దాంలేవే అన్నది ఎవరు? నువ్వు. ఇప్పుడు ఈ పుస్తకం చదువుకో."

షాలినికి నవ్వు రాబోయి ఆగిపోయింది. లోపల నుంచి కోపం లేస్తోంది. దాన్ని పళ్ళ బిగువున పట్టింది. జబ్బు ఒకసారి వచ్చినవాళ్ళకు కోపం హక్కు కాదు. గొంతు పెరిగితే చాలు, దానికి వేరే పేరు పెడతారు.

*

టీ గ్లాసుల పళ్ళెంతో ప్రిస్కిల్లా ఆంటీ వచ్చింది. స్త్రీల సమాజానికి ఆవిడ కార్యదర్శి. తెర వైపు చూసి ముచ్చటపడింది. రెండు తెల్ల దుప్పట్లను కలిపి కుట్టి, గంజి పెట్టి ఇస్త్రీ చేసిన తెర అది. షాలిని తల్లి లీలారాణి చేతి పని. ఇంట్లో ఈ సినిమాకి మొదటి నుంచీ సాయం చేసిన మనిషి ఆమె ఒక్కతే.

"మీ అమ్మకి ఎంత ఓపికే," అంది ప్రిస్కిల్లా. "నర్సుగా అంతమందికి సేసి, మల్లీ నీకూ సేసింది. త్వరగా కానిద్దాం, ఎర్రన్న తాత సాక్ష్యానికి పేరిచ్చాడు. నిరుడు గేదె దొరికిన సాక్ష్యం సెప్పినప్పుడు పులావు సల్లారిపోనాది. ఆమేన్ అనేదాకా ఆపకూడదు కదా, అందరం అలాగే కూకున్నాం."

"అమ్మ కూడా చెప్తుందా సాక్ష్యం?" అని మాటవరసకి అడిగింది షాలిని, బల్ల కింద వెతుకుతూనే.

"ఈమధ్య సెప్పట్లేదు. అప్పుడు, మూడేళ్ళ కింద, ఈస్టరు ముందు శ్రమల కాలపు ఉపవాస కూటాల్లో సెప్పింది సూడు. ఆ బయటూరి బోధకుడు వచ్చినప్పుడు. నా కూతురికి స్వస్థత అయిపోయింది, ఇక మందు బిళ్ళ అక్కర్లేదని సెప్తే ఆడోళ్ళందరం ఏడ్చేశాం. తర్వాత అలాగైపోనాది, పాపం. నువ్వు తొందరపడి మానేశావు గానీ..."

మిగతా మాట మింగేసి, ఆవిడ పళ్ళెం తీసుకుని వెళ్ళిపోయింది.

షాలిని ఆ మాటల్ని పూర్తిగా వినలేదు. కళ్ళు గుమ్మం వైపు ఉన్నాయి. అక్కడ పాల్ నిలబడి ఉన్నాడు. భోగాపురం విమానాశ్రయం పనుల్లో సైట్ ఇంజనీరు. పండుగ బట్టల్లో కూడా నడుముకి చెయ్యి పెట్టి, పునాది తనిఖీ చేస్తున్నట్టే చూస్తాడు.

"ఏటయింది?"

"డిస్కు పోయింది అన్నయ్యా. ఎవరో తీశారు."

పాల్ బల్ల మీద పరిచిన సామాను చూశాడు. చెల్లెలి మొహం చూశాడు.

"మాత్ర ఏసుకున్నావా?"

"డిస్కు గురించి చెప్తున్నాను."

"నేనూ అందుకే అడుగుతన్నాను. రాత్రి పడుకున్నావా?"

"పడుకున్నాను. మాత్ర వేసుకున్నాను. నీకు ఎప్పుడు కోపం వచ్చినా నేను బీపీ చూపించుకోమన్నానా?"

"సూడు, గొంతు ఎలగైపోతందో."

"దాని గొంతు బాగానే ఉన్నాది," అంది సుహాసిని. "మీ సెవులే తేడాగా ఉన్నాయి."

"నువ్వు ఊరుకో అమ్మా, ఇది మా ఇంటి సంగతి." పాల్ గొంతు తగ్గించాడు. "షాలీ, డాక్టరుకి ఫోన్ సేస్తాను. శ్రీకాకుళం ఎంతసేపు, కారు బయటే ఉన్నాది. ఒకపాలి సూపించుకుని వచ్చేద్దాం. సినిమా వచ్చే పండక్కి ఏద్దాం."

ఫోను చెవికి పెట్టుకుని బయటకు వెళ్ళాడు. షాలినికి విషయం అర్థమైంది. ఇప్పుడు అరిస్తే కారెక్కించేస్తారు. ఏడ్చినా కారెక్కించేస్తారు. వేలం అయిపోయేలోగా దొంగ దొరకాలి.

*

తండ్రి సుందరరావు హాలు వెనక వరండాలో ఒంటరిగా కూర్చుని ఉన్నాడు. హెడ్మాస్టరుగా చేసి రిటైరయ్యాడు, సంఘ పెద్ద. సినిమా వద్దని మొదటి నుంచీ పైకి అన్నది ఆయనొక్కడే. మాత్రలు మెడికల్ షాపు నుంచి తెచ్చేదీ ఆయనే. పక్కన పాస్టరు థామస్ నిలబడి, ఏదో నచ్చజెబుతున్నవాడు షాలినిని చూసి ఆగాడు.

"విన్నానమ్మా," అన్నాడు పాస్టరు. "బాధపడకు. పాత కాపీ ఉందట కదా, అది వేద్దాం. పశ్చాత్తాపంతో ముగుస్తుంది. పదిమందికి మేలు చేస్తుంది."

"చేయని తప్పుకి పశ్చాత్తాపం ఎవరికి మేలు అయ్యగారూ?"

పాస్టరు కంటే ముందు సుందరరావు తలెత్తాడు.

"ఎవర్నీ అడగక్కర్లేదు. నేనే తీశాను."

షాలిని ఆయన ఎదురుగా మెట్టు మీద కూర్చుంది. ఇంట్లోవాళ్ళలో ఆమె అందరికంటే ముందు అనుమానించిన పేరు అది. తనంతట తానే చేతికి వచ్చింది. కానీ ఆయన ఆమె కళ్ళలోకి చూడటం లేదు.

"ఎక్కడుంది?"

"పారేశాను. సెరువులో. ఇంక ఎతక్కు."

"ఏ రంగుది నాన్నా?"

సుందరరావు తడుముకున్నాడు. "నల్లది. అలాంటివన్నీ నలుపే కదా."

డిస్కుకి ఎర్రటి రబ్బరు తొడుగు ఉంది. పెళ్ళిళ్ళలో పోకుండా సుహాసిని తొడిగింది.

"అన్నేళ్ళు పిల్లల అబద్ధాలు పట్టుకున్నావు," అంది షాలిని. "నీకు ఆడటం మాత్రం రాలేదు."

ఆయన మొహం పక్కకు తిప్పుకున్నాడు. పాస్టరు మెల్లగా అక్కడి నుంచి తప్పుకున్నాడు.

"ఎవరి కోసం?"

"అమ్మా, ఒగ్గెయ్. నేనే అని రాసుకో. నేనే అని సినిమాలో పెట్టుకో. నాకేటి, ముసలాడిని. అందరూ తిడితే పడతాను. నా పేరు సెప్పి ఊరుకో."

"నా మాత్రలు మార్చింది కూడా నువ్వే అంటావా?"

సుందరరావు అప్పుడు ఆమె కళ్ళలోకి చూశాడు. ఆ ప్రశ్నకి మాత్రం అవును అనలేకపోయాడు. డిస్కు ఎవరు తీశారో ఆయనకు తెలుసు. ఎందుకు తీశారో ఇప్పుడే తెలుస్తోంది.

*

హాల్లో సుహాసిని పౌచ్‌ని లైటు కింద పెట్టి చూస్తోంది. "ఒసే, ఈ ప్లాస్టరు నువ్వే అంటించావా?"

"నిన్న ప్రార్థనకి ముందు నేనే అంటించాను."

"అయితే ఇది నీది కాదు. నువ్వు పళ్ళతో కొరికి ఎలాగంటే అలాగ అంటిస్తావు. ఇది సూడు, ఎంత శుభ్రంగా ఉన్నాదో."

షాలిని పీకి పడేసిన ప్లాస్టరు ముక్క బల్ల అంచుకి అతుక్కుని ఉంది. దాన్ని చేతిలోకి తీసుకుంది. ముక్క ఒక చివర లోపలికి చిన్నగా మడిచి ఉంది. మళ్ళీ విప్పాల్సినప్పుడు గోటితో గీరక్కర్లేకుండా, రోగికి నొప్పి తగలకుండా. వార్డులో పనిచేసినవాళ్ళు అలా మడుస్తారు. చిన్నప్పుడు సైకిల్ మీద నుంచి పడ్డ ప్రతిసారీ షాలిని మోకాలి మీద ప్లాస్టరు చివర ఇలాగే మడిచి ఉండేది.

మాత్రల సీసా మీది ప్లాస్టరు కూడా అంతే. అట్టలోంచి మాత్రలు ఒలిచి సీసాలో పోసి, పైన ప్లాస్టరు అంటించి పేరు రాయడం వార్డు అలవాటు. పొద్దున్నే ఒక్కో మాత్ర మూతలో వేసి ఇచ్చి, మింగేదాకా ఎదురుగా నిలబడటం కూడా.

నాన్న కొనేవాడు. అన్నయ్య కొన్నిసార్లు తెచ్చేవాడు. సీసా ముందు గదిలో ఉండేది. అందుకే అందరినీ అనుమానించింది. ఆ మూత అందించిన చేతిని ఒక్కసారి కూడా అనుమానించలేదు. తనను బతికించిన చెయ్యి అది. నర్సు మందు మార్చదని ఆమె గట్టి నమ్మకం.

అప్పుడు ప్రిస్కిల్లా మాట తిరిగి వినిపించింది. ఇక మందు బిళ్ళ అక్కర్లేదని సాక్ష్యం సెప్తే ఆడోళ్ళందరం ఏడ్చేశాం. శ్రమల కాలంలో. ఆ వెంటనే ఈస్టరు. ఆ వెంటనే గ్లాసులో నీళ్ళు నిలిచిపోయాయి.

సుహాసిని ఆమె మొహం చూసింది. "ఇప్పుడేటి సేద్దాం?" అంది.

"తెర ఉంది కదా. ప్రొజెక్టరు ఉంది కదా."

"అందులో ఏయడానికి ఏటీ నేదు కదా."

"ఉత్త తెల్ల తెర వెయ్యి. కిటికీలు మూసెయ్."

*

వేలం అయిపోయింది. జనం చాపల మీద సర్దుకుని కూర్చున్నారు. ఎర్రన్న తాత కర్ర పట్టుకుని లేవబోతున్నాడు. పాల్ గుమ్మం దగ్గర కారు తాళాలు పట్టుకుని షాలిని కోసం చూస్తున్నాడు. చూసేసరికి ఆమె మైకు దగ్గర ఉంది.

"షాలీ, రా. డాక్టరు ఉన్నారంట."

"సాక్ష్యం చెప్తున్నాను అన్నయ్యా," అంది మైకులో. "ఆమేన్ అనేదాకా ఆగు."

పాల్ అడుగు ముందుకు వేశాడు. ఎర్రన్న తాత కర్ర అడ్డం పెట్టాడు. "నా గేదె సాక్ష్యానికే ఎవుడూ అడ్డు రానేదు. కూకో బాబూ."

కొందరు నవ్వారు. పాల్ అందరి ముందూ తాతని దాటలేక గోడకి ఆనుకున్నాడు.

"నేను సినిమా తీశానని మీకందరికీ తెలుసు," అంది షాలిని. "దాన్ని ఎవరో దొంగిలించారు. సినిమాకి ముందు ఇంకో సినిమా ఉంది. హైవే మేడమ్. అది అందరూ చూశారు. ఇక్కడున్నవాళ్ళలో దాన్ని ఇంకొకరికి పంపనివాళ్ళు చెయ్యెత్తండి."

చేతులు పైకి లేవలేదు. ఎక్కడో ఒక గాజు చప్పుడైంది, అంతే.

"తర్వాత ఇదే మైకులో, మాత్రలు నేనే మానేశానని ఒప్పుకున్నాను. ఆ మాట ఇప్పుడు వెనక్కి తీసుకుంటున్నాను. నేను మానలేదు. ఒక్క రోజు కూడా మానలేదు. అది సినిమాలో ఉంది. సినిమా లేదు కాబట్టి ఇక్కడే చూపిస్తాను. ఎవరైనా ఓ గ్లాసు నీళ్ళివ్వండి."

ముందు వరసలోంచి లీలారాణి లేచింది. అలవాటు అది. ఎవరు నీళ్ళడిగినా ముందు లేచేది ఆమే. స్టీలు గ్లాసు నిండా నీళ్ళు తెచ్చి, ఒక్క చుక్క ఒలకకుండా కూతురికి అందించింది.

సుహాసిని ప్రొజెక్టరు వేసింది. ఇస్త్రీ చేసిన దుప్పట్ల మీద తెల్లటి వెలుగు పరుచుకుంది. గ్లాసు, దాన్ని పట్టుకున్న రెండు చేతుల నీడలు తెర నిండా పెద్దవిగా పడ్డాయి. లీలారాణి చెయ్యి తీసేసింది. గ్లాసు నీడ వణకడం మొదలుపెట్టింది. చిన్నగా, ఆగకుండా. అంచు మీదుగా నీళ్ళు షాలిని వేళ్ళ మీదకి జారాయి.

"ఇది జబ్బు కాదు. నన్ను బాగుంచుతున్న మందు ఇది. లిథియం వేసుకుంటే నా చెయ్యి ఇలా ఉంటుంది. ఆ ఏడాది ఈస్టరు తర్వాత ప్రతి ఉదయం నేను మాత్ర మింగుతూ తీసుకున్న వీడియోలో ఈ చెయ్యి కదల్లేదు. మాత్ర ఇచ్చారు, మింగాను. అది ఈ మాత్ర కాదు. డిస్కు పట్టుకుపోయినవాళ్ళు ఈ చేతిని పట్టుకుపోలేదు."

పాల్ చేతిలో తాళాలు కిందికి దిగాయి. వెనక వరండా గుమ్మంలో సుందరరావు వచ్చి నిలబడ్డాడు. వద్దన్నట్టు తల అడ్డంగా ఊపుతున్నాడు.

"ఎవరిచ్చారే?" అని ఎవరో ఆడమనిషి అడిగింది.

షాలిని మైకుని పక్కకు దించింది. తల్లి ఇంకా అక్కడే ఉంది, గ్లాసు తిరిగి తీసుకోవడానికి చెయ్యి చాపి.

"ప్లాస్టరు మడత మర్చిపోలేకపోయావు," అంది షాలిని మెల్లగా.

లీలారాణి చాపిన చెయ్యి అలాగే ఉండిపోయింది. "డిస్కు బియ్యం డ్రమ్ములో ఉన్నాది," అంది. "పాడు సెయ్యలేదు. నీ పని పాడు సెయ్యలేకపోయాను."

"నన్ను చేశావు కదమ్మా."

"ముందు సాక్ష్యం సెప్పు, స్వస్థత ఎనకాలే వస్తాదన్నాడా బోధకుడు. సెప్పేశాను. అందరూ ఏడ్చారు. సెప్పిన మాట నిలబడాల కదే. కాల్షియం బిళ్ళ ఏసి, రోజూ నీ కోసం మోకాళ్ళ మీద ఉండేదాన్ని. వస్తాదనుకున్నాను. నిజంగా వస్తాదనుకున్నాను."

"రాలేదు. నేను హైవే మీదికి పోయాను. ఆ తర్వాతైనా ఎందుకు చెప్పలేదు? ఇదే మైకు దగ్గర నాచేత దండం పెట్టించావు. నువ్వు ముందు వరసలో కూర్చుని విన్నావు."

"నోరు రానేదు."

"ఇప్పుడు వస్తుందా? నువ్వు చెప్తావా, నన్ను చెప్పమంటావా?"

లీలారాణి జనం వైపు తిరిగి చూసింది. స్త్రీల సమాజం మొత్తం ఆమె మొహంలోకే చూస్తోంది. ప్రిస్కిల్లా టీ పళ్ళెం ఒళ్ళో పెట్టుకుని ఉంది. లీలారాణి కళ్ళు దించుకుంది.

"దేవుడికి తెలుసు," అంది. "అది సాలదా?"

"దేవుడికి మొదటి నుంచీ తెలుసమ్మా. వీళ్ళకి తెలీదు."

షాలిని గ్లాసుని తల్లి చేతికి ఇవ్వలేదు. అలాగే పైకెత్తి పట్టుకుంది. తెర మీద నీడ వణుకుతూనే ఉంది. రెండో చేత్తో మైకుని నోటి దగ్గరికి తెచ్చుకుంది. ఆమె గొంతు పెరగలేదు, తగ్గలేదు.

"నా మాత్రలు మార్చినామె ఇక్కడే ఉంది. నా సినిమా దొంగిలించినామె కూడా ఆమే. మా నాన్న కాదు, మా అన్నయ్య కాదు, నా మొండితనం కాదు. ఆమె పేరు లీలారాణి. మా అమ్మ."